మూడోసారి పిలిచినా పలకలేదు

ఏడేళ్లుగా ఒక అబద్ధం నాతో ఉంది. దాని బరువు నాకంటే ఎక్కువగా ఇద్దరు మోశారు: మా అక్క, యాదగిరి అనే వకీలు గుమాస్తా. మీరు నన్నెరగరు కాబట్టి మీకు చెప్పగలుగుతున్నాను. పేరు ఇక్కడ రాయడం లేదు. రాయాల్సిన చోట రాసిచ్చాను.

సూర్యాపేట పక్క ఊళ్లో ఒకప్పుడు మాది పెద్ద గడి, కోటలాంటి దొరల ఇల్లు. ఇప్పుడు గడి లేదు, భూములు లేవు. నిటారుగా నడిచే అలవాటొక్కటే మిగిలింది. అక్క పెళ్లిలో నాన్న పసుపు కుంకుమల కింద ఆమెకు అరెకరం ఇచ్చాడు, మిర్యాలగూడ రోడ్డు మీద. నోటిమాటగా ఇచ్చింది కాబట్టి నాన్న తర్వాత కాగితాల్లో అది నా పేరుకే వచ్చింది. పక్క పొలం ఆయన దాన్ని కలుపుకుని కంచె వేశాడు. బావ పోయాక కోదాడలో కిరాయి ఇంట్లో ఉంటున్న అక్కకు ఉన్న ఆధారం అదొక్కటే. దావా నా పేరున వేశాం.

నా సాక్ష్యానికి ముందురోజు యాదగిరి ఇంటికొచ్చి తేదీ రాసిన చీటీ చేతికిచ్చాడు. "పదిన్నరకల్లా ఉండాలె దొరా" అని మరీ మరీ చెప్పాడు. నేను పదింటికే వెళ్లాను. వకీలూ యాదగిరీ ఇంకో కోర్టులో ఉన్నారు, నేను రావడం చూడలేదు. పిలిస్తే లోపలికెళ్లి నిలబడాలని యాదగిరి ముందురోజే చెప్పాడు. వరండా స్తంభం పక్కన నిలుచున్నాను. ఒకప్పుడు మా గడిలో పనిచేసినవాళ్ల మనవలు ఏదో కేసు మీద వచ్చి అక్కడే ఉన్నారు. బంట్రోతు గుమ్మంలోకి వచ్చి నా పేరు పిలిచాడు. ఉత్త పేరు. ముందు శ్రీ లేదు, వెనక గారు లేదు. మా ఊళ్లో నాన్న పేరు పైకి పలికినవాళ్లను నేను చూడలేదు. ఆ కుర్రాళ్లలో ఒకడు నావైపు చూసి నవ్వాడు. నిజంగా నవ్వాడా? నాకలా అనిపించిందా? రెండోసారి పిలిచాడు. మూడోసారి. ఇరవై అడుగుల దూరంలో, పిలుస్తున్నది మరెవరినో అన్నట్టు, గోడ మీది నోటీసులు చదువుతూ నిలబడ్డాను.

వాది రాలేదని దావా కొట్టేశారు.

అక్క ఫోన్ చేస్తే "గుమాస్తా తేదీ చెప్పలేదు" అన్నాను. ముందుగా అనుకున్న మాట కాదు. కానీ వకీలుకు చెప్పినప్పుడు అనుకునే చెప్పాను. ఆయన నన్ను నమ్మి యాదగిరిని పనిలోంచి మాన్పించాడు. నెలలోగా పిటిషన్ వేస్తే దావా మళ్లీ తెరవచ్చనీ, రాకపోవడానికి కారణం ప్రమాణం చేసి రాయాలనీ చెప్పాడు. నోటితో అబద్ధమాడగలిగిన నాకు దాని కింద సంతకం పెట్టడానికి పౌరుషం అడ్డొచ్చింది. అదేం పౌరుషం? అక్కతో మాత్రం ఇక దారి లేదన్నాను. ఆమె మళ్లీ అడగలేదు.

ఈ ఎండాకాలం ఆ కంచె లోపల పునాదులకు ముగ్గు పోశారు. గోడలు లేస్తే ఇక తిరిగి రాదు. రెండు రోజులు కూర్చుని జరిగింది జరిగినట్టు రాసి, కోర్టు ఎదురుగా ఉన్న టైపింగు దుకాణానికి తీసుకెళ్లాను. అది యాదగిరిదని తెలుసు. తెలిసే వెళ్లాను. లేచి కుర్చీ వేశాడు. కూర్చోలేకపోయాను.

కాగితం చివరిదాకా చదివి, వెనక్కొచ్చి, ఒక వాక్యం మీద వేలు పెట్టాడు. 'యాదగిరి గారు ముందురోజే తేదీ చెప్పారు.'

"అఫిడవిట్ల గారు ఉండది దొరా. జడ్జి ముంగట అందరివి ఉత్త పేర్లే."

"తెలుసు. అది తెలవడానికే ఏడేళ్లు పట్టింది."

"నా ఇంటిదానికి గూడ ఏడేండ్ల సంది అనుమానమే, నేనే మర్సిపోయిన్నని. గిది జిరాక్స్ ఒకటి నాకు గావాలె."

"తీస్కో... తీసుకోండి."

"గింత ఆలస్యమైంది కదా, దానికింకో పిటిషన్ ఏయాలె. నడుస్తదో నడువదో సెప్పలేం." కీబోర్డు ముందుకు లాక్కున్నాడు. "జరమొచ్చిందని రాస్తే సులువుగ అయితుండె."

అని నవ్వాడు. ఈసారి అనుమానం లేదు, నన్ను చూసే నవ్వాడు. క్షమించమని అడగాలనుకున్నాను. అప్పటికే టైపు మొదలుపెట్టాడు. ఆయన చేతిరాతతో ఉన్న ఆ చీటీ ఇన్నేళ్లూ నా పెట్టెలోనే ఉంది, ఎందుకో చించలేకపోయాను. దాన్ని కాగితాలకు జతచేశాం.

కోదాడ వెళ్లి అక్కకూ చెప్పాను. ఆమె విని, లేచి లోపలికి వెళ్లిపోయింది.

పిటిషన్ విచారణ రోజు మాత్రం పొద్దున బస్సుకే వచ్చింది. నా బల్ల మీదే, ఆ చివర కూర్చుంది. బంట్రోతు పిలిచాడు. అదే ఉత్త పేరు. మొదటి పిలుపుకే "హాజర్" అన్నాను. అవసరానికి మించి గట్టిగా వచ్చినట్టుంది, నలుగురు తిరిగి చూశారు. చూడనీ అనిపించింది. జడ్జి అవతలివాళ్లకు నోటీసు ఇమ్మని వాయిదా వేశారు. కొట్టేయలేదు.

బయటికొచ్చాక అక్క ఒక్కటే అడిగింది, వాయిదా ఎప్పుడని. చెప్పాను. నా మాట మీద వదిలేయలేదు. లోపలికెళ్లి కోర్టు గుమాస్తాను అడిగి, సంచిలోంచి పెన్ను తీసి, తేదీ తనే రాసుకుంది.