కొండల్ గురించి బాగా తెలిసినవాడు

ముప్పై ఏళ్ల కిందట గంగారం ఊరి రైతు కొండల్ అడవి నుంచి వచ్చిన ఇద్దరు నక్సలైట్లకు అన్నం పెట్టాడు. అప్పటి నుంచి ఆయన ఊరు దాటినా, ఇంటికి చుట్టమొచ్చినా పోలీస్ స్టేషన్‌కు తెలియాల్సిందే.

కొడుకు జశ్వంత్‌కు జనగామ సంబంధం వచ్చింది. పిల్ల తండ్రి సత్యం, "మీ గురించి ఎవర్ని అడగాలె అన్నా?" అన్నాడు. కొండల్ ఆలోచించి కానిస్టేబుల్ నంబరిచ్చాడు. తనను అంత బాగా ఎరిగినవాడు ఊళ్లో మరొకడు లేడు.

సత్యం ఫోన్ చేశాడు. "మనిషి ఎట్లాంటోడు సార్?"

"బంగారమే. ముప్పయ్యేండ్ల సంది చూస్తున్నం, ఒక్క తప్పు దొర్కలే. పిల్లనియ్యుండ్రి," అన్నాడు కానిస్టేబుల్. "కాబోయే వియ్యంకులు గద, జర మీ పేరు, ఇంటి నంబరు చెప్పుండ్రి, రాసుకుంట."

మర్నాడే జాతకాలు కలవలేదని జనగామ నుంచి కబురొచ్చింది.