రంజితమత్త బియ్యం గది

తొలి వానకు నల్లరేగడి తడిసిన వాసన వస్తే చుట్టుపక్కలవాళ్ళు సంబరంగా వాకిట్లోకి వస్తారు. నేను మాత్రం ముందు బియ్యం డబ్బా మూత తీసి చూసుకుంటాను. విరుదునగర్‌లో నేనుండే వీధికి ఆ వాసన పప్పు మిల్లుల పొట్టు వాసనతో కలిసి వస్తుంది. నిన్న సాయంత్రం కూడా అలాగే వచ్చింది. మేడ మీద ఆరేసిన బట్టలు తీయడానికి వెళ్ళినదాన్ని, తీయడం మరిచిపోయి నిలబడిపోయాను. వానంటే పని ఆగిపోవడం, పని ఆగితే పొయ్యి ఆగిపోవడం అని ఒకసారి నేర్చుకున్న ఒంటికి, తరువాత ఎంత మంచి కాలం వచ్చినా ఆ సంగతి మరుపు రాదు. అయితే ఆ బెదురు వెనకాలే ఒక మనిషి కూడా గుర్తుకొస్తుంది. ఆమె పేరు రంజితం. మేమంతా రంజితమత్త అనేవాళ్ళం.

తొంభైల నడుమ నేను కళుగుమలై పక్కన ఒక మెట్టపల్లె నుంచి పెళ్ళయి కోవిల్‌పట్టికి వచ్చాను. ఊరి చివర ఒకదానికొకటి ఆనుకుని వరసగా కట్టిన ఇళ్ళలో మాదొకటి. ఆ వరసలో హిందువులమూ క్రైస్తవులూ కలిసే ఉండేవాళ్ళం. ఇంట్లో అందరిదీ తెలుగే, గడప దాటితే అరవం. అగ్గిపెట్టెల కంపెనీని అక్కడ ‘ఆపీసు’ అంటారు. మా ఆయన ఆపీసులో పుల్లల కొసలను మందులో ముంచే పని చేసేవాడు. నేను ఆడవాళ్ళ షెడ్డులో పెట్టెల్లోకి పుల్లలు నింపేదాన్ని. ఆ షెడ్డుకు పెద్ద రంజితమత్త. యాభై దాటిన మనిషి. భర్త పోయాడు. ఒక్కగానొక్క కొడుకు ఆలంగుళం సిమెంటు ఫ్యాక్టరీలో గుమాస్తా. షెడ్డులో ఆమె అంటే మాకు హడలు. పుల్లలు అడ్డదిడ్డంగా పెడితే ఆ పెట్టె తెరిచి మా ఒళ్ళోనే గుమ్మరించి, “మళ్ళా పెట్టు” అనేది. గొంతు పెంచేది కాదు, కళ్ళద్దాల మీదుగా ఒక చూపు చూసేది, అంతే. మొదటి ఏడు నాకామె మీద ప్రేమ ఉండేదని చెబితే అబద్ధమే అవుతుంది.

దీపావళి దాటాక ముసురు పట్టుకుంటే పుల్లలు ఆరవు. మందు ఆరదు, అట్టపెట్టెల జిగురు ఆరదు. ఆపీసు యజమాని, మా మాటలో మొదలాళి, తాళం వేసి, ఎండ కాస్తే రమ్మని చెప్పి వెళ్ళిపోయేవాడు. ఒక్కో ఏడు ఆ ఎండ వారాల తరబడి కాసేది కాదు. రేషను బియ్యం నెల సగానికే అయిపోయేవి. అంగట్లో అరువు అడగడానికి మొహం చెల్లేది కాదు. అప్పటికి నా పెద్దపిల్ల చంకలో ఉంది. మా ఇంటి పొయ్యిలో పిల్లి లేవలేదన్న సంగతి వరసలో ఎవరికీ తెలియకూడదని నేనొక ఉపాయం పట్టాను. పొద్దున్నే తాటాకు మంట వేసి, కుండలో నీళ్ళు పోసి, మూత పెట్టి కాచేదాన్ని. పొగ ఇంటి పైకప్పులోంచి బయటికి పోతుంటే మర్యాద నిలబడినట్టుండేది.

ఒక రోజు అలా పొగ పెట్టి కూర్చున్నప్పుడు రంజితమత్త గొనెపట్టా కప్పుకుని వానలో వచ్చింది. చేతిలో కుండ, అందులో కడిగిన బియ్యం. నేను లేచి పొయ్యికి అడ్డంగా నిలబడ్డాను.

“అమ్మణ్ణీ, నా పొయ్యి వానకి నాని బురద అయిపోయుండాది. నీది బాగా మండతా ఉండాదే. నా కుండ రవ్వంత పెట్టుకోనా?” అంది.

కాదనడం ఎలా? ఆమె చెంగుతో నా కుండ పట్టుకుంది. మూత తీస్తుందేమోనని నేను చెయ్యి అడ్డం పెట్టబోయాను. మూత అలాగే ఉంచి, జాగ్రత్తగా దించి పక్కన పెట్టి, “ఇది ఉడికిపోయినట్టుండాది” అంది. ఆ మాట అన్నప్పుడు ఆమె నా వైపు చూడలేదు. పొయ్యిలోకి తాటాకు తోస్తూ, నా పిల్లకు పళ్ళు వస్తున్నాయా, రాత్రి నిద్రపోతుందా అని ఏవేవో అడిగింది. అన్నం ఉడికాక సగం నా కంచంలోకి తోడి కుండ ఎత్తుకుంది.

“ఇదేమిటత్తా?” అన్నాను.

“పొయ్యి బాడిగ. ఊరికే వండుకునేదానికి నేనేమి నీకు మేనత్తనా?”

ఆ ముసురు వదిలేదాకా ఆమె పొయ్యి తడి ఆరనే లేదు. ఆమె కిటుకు నాకు తెలుసు. నాకు తెలుసని ఆమెకూ తెలుసు. ఇద్దరం ఒక్కసారైనా ఆ మాట పైకి అనుకోలేదు. మా ఆయన ఎవరి దగ్గరా చెయ్యి చాచని మనిషి. బాడిగ అన్న మాట విని తలూపి తిన్నాడు.

ఎండలు వచ్చి ఆపీసు తెరిచాక, మధ్యాహ్నం సద్ది విప్పుకున్నప్పుడు ఆమె పక్కన చేరి, “అత్తా, ఎన్ని పొయ్యిలమీదని నీ కుండ పెడతావు?” అని అడిగాను. ఆమె నములుతూనే చుట్టూ ఉన్న ఆడవాళ్ళ సద్దిగిన్నెలన్నీ ఒకసారి చూసింది. “అదే నేనూ సూస్తా ఉండాను” అంది.

ఆ వారంలోనే మొదలాళి దగ్గరికి వెళ్ళి, లేబుళ్ళు దాచే చిన్న గది ఖాళీగా ఉందని, దాన్ని ఆడవాళ్ళకు ఇమ్మని అడిగింది. ఎందుకని ఆయన అడిగితే, “వానాకాలంలో వీళ్ళు బతికుంటేనే గదయ్యా ఎండాకాలంలో నీకు పనికొచ్చేది” అందట. గది వచ్చింది. అందులో రెండు రేకు డ్రమ్ములు పెట్టించి, అడుగున వేపాకు పరిచింది. తరువాత షెడ్డులో మమ్మల్నందరినీ కూర్చోబెట్టి పద్ధతి చెప్పింది. శనివారం జీతం అందగానే ప్రతి మనిషీ ఒక సంచీ పట్టుకుని ఆ గదిలోకి పోవాలి. సంచీలో పాత గుడ్డలు కుక్కుకుంటే అది నిండుదో ఖాళీదో బయటికి తెలియదు. ఒక్కతే పోవాలి, తలుపు వేసుకోవాలి. ఉన్నామె డ్రమ్ములో వేస్తుంది, లేనామె డ్రమ్ములోంచి తీసుకుంటుంది. బయటికి వచ్చాక ఎవరూ ఎవరినీ ఏమీ అడగకూడదు. తానూ సంచీతోనే పోతుంది.

మా షెడ్డులో పేచ్చి అనే నోరున్న మనిషి ఒకతె ఉండేది. ఆమె వెంటనే లేచింది. “అత్తా, ఇది నడిచే కత కాదు. ఎవతో ఒకతె మొత్తం ఊడ్చుకుని పోతాది. కావలి ఎవరు?”

“కావలి లేదు.”

“అట్టయితే ఊడ్చుకునే పోతారు.”

“పోనీ. మొత్తం ఊడ్చుకుని పోయిందంటే ఆ ఇంట్లో ఎంత ఆకలుండాదో సూసుకో” అంది రంజితమత్త. “కావలి పెడితే తీసుకునేవాళ్ళు రారు, పేచ్చీ. రానోళ్ళకు డ్రమ్ము నిండి ఏమి లాబం?”

ఒకసారి పేచ్చి అన్నట్టే జరిగింది. ఒక డ్రమ్ము అడుగంటా ఖాళీ అయింది. గుసగుసలు లేచాయి. రంజితమత్త మాత్రం ఇంటి నుంచి తన బియ్యం తెచ్చి, అందరి ఎదుటే సంచీ చంకన పెట్టుకుని లోపలికి పోయి వచ్చి, పనిలో కూర్చుంది. ఆ ఖాళీ సంగతి ఆమె అప్పుడే కాదు, ఎన్నడూ ఎత్తలేదు. అయినా ఆ గది నడిచింది. వానాకాలాల్లో కొన్నిసార్లు నేను తీసుకున్నాను, ఎండాకాలాల్లో వేశాను. తీసుకున్న రోజున కూడా అందరిలాగే సంచీ చేత్తో పట్టుకుని, అదే తలుపులోంచి తలెత్తుకుని వచ్చాను. ఆ సుఖం ఎలాంటిదో, దాని అవసరం పడినవాళ్ళకే తెలుస్తుంది.

రెండువేల సంవత్సరం దాటాక మా మెట్టకు చెడ్డకాలం వచ్చింది. వానలు లేక పల్లెల్లో పంటలు పోయాయి. వానలు లేకపోతే ఆపీసుకు మంచిదే కదా అనుకోవచ్చు. కానీ పల్లెల నుంచి జనం పని కోసం వచ్చిపడ్డారు, ఉన్న పనినే అందరూ పంచుకోవలసి వచ్చింది. ఊళ్ళో తల్లిదండ్రులకు కూడా మేమే పంపాలి. డ్రమ్ముల్లో చెయ్యి పెడితే అడుగు తగులుతోంది. అప్పుడు రంజితమత్త విరుదునగర్ పోయి పప్పు మిల్లులవాళ్ళను అడుగుదామంది. తోడుగా నన్ను బస్సెక్కించుకుంది.

ఒకటి రెండు చోట్ల గుమ్మంలోంచే పంపేశారు. ఒక మిల్లు మొదలాళి మాత్రం కూర్చోమన్నాడు, మజ్జిగ ఇప్పించాడు, మా కథంతా విన్నాడు. మంచి మనిషే. కందిపప్పు మూటలు ఇస్తానన్నాడు. “అయితే నేనే వచ్చి నా చేత్తో ఇస్తాను. ఆడవాళ్ళను వరసగా నిలబెట్టండి. పేపరువాళ్ళను పిలిచి ఫోటో తీయిద్దాం. చూసి ఇంకో నలుగురు ఇస్తారు కదమ్మా” అన్నాడు.

రంజితమత్త మజ్జిగ గ్లాసు కింద పెట్టింది. నేను ఆమె చెవిలో, “ఒప్పుకో అత్తా, ఇంక డ్రమ్ముల్లో ఏముండాది?” అన్నాను.

ఆమె నా వైపు తిరిగి, చాలా మెల్లగా, “ఒప్పుకుంటా. వరసలో నువ్వు నిలుచుకుంటావా, సీతా?” అంది.

నాకు బడికి పోయే నా పెద్దపిల్ల కళ్ళ ముందు కదిలింది. నేను తల దించుకున్నాను. ఆమెకు నా మీద కోపం రాలేదు. నా నోట రాని జవాబు ఆమెకు కావలసిన జవాబే అనుకుంటాను. ఆమె మొదలాళితో, “అంత దూరం మీరు ఏల శ్రమ పడాల అయ్యా? ఫోటో ఇక్కడే తీయించండి. నేనే నిలుచుకుంటా” అంది.

ఆయన ఆమెను పైనుంచి కిందికి చూసి, “నిన్ను చూస్తే లేనిదానిలా లేవే” అన్నాడు.

ఆమె కళ్ళద్దాలు తీసి నా చేతిలో పెట్టింది. మెడలో సన్నటి గొలుసు తీసి అదీ పెట్టింది. చెప్పులు పక్కకు వదిలి, చెంగు తల మీదికి లాక్కుంది. మిల్లు ముంగిట్లో, ఎండలో, రెండు చేతులూ చాచి తల వంచి నిలబడింది. షెడ్డులో మమ్మల్ని ఒక్క చూపుతో నిలబెట్టే మనిషి. కెమెరా పట్టుకున్న అబ్బాయి, “ఇంకొంచెం వంగమ్మా” అంటే ఇంకొంచెం వంగింది. నేను ఆ కళ్ళద్దాలు పిడికిట్లో పట్టుకుని గోడ వైపు తిరిగాను.

తిరుగు బస్సులో మూటల మీద కాళ్ళు పెట్టుకుని కూర్చున్నాక కళ్ళద్దాలు అడిగి తీసుకుంది, చెంగుతో తుడుచుకుంది. “ఫోటోలో బాగా పడుంటానంటావా?” అని నవ్వింది. నాకు నవ్వు రాలేదు.

ఫోటో అరవ పేపర్లో పడింది. పేద వితంతువుకు మిల్లు అధిపతి చేయూత అని కింద రాశారు. మా వరసలో దాన్ని చూడనివాళ్ళు లేరు. ఆ ఆదివారం ఆమె కొడుకు ఆలంగుళం నుంచి వచ్చాడు. అప్పుడు ఆమె ఇంట్లోనే ఇద్దరం చేటలు పట్టుకుని పప్పులో రాళ్ళు ఏరుతున్నాం. అతను గుమ్మంలోనే నిలబడి పేపరు ఆమె ముందు పడేశాడు.

“ఫ్యాక్టరీలో తలెత్తలేకుండా ఉండానమ్మా. ‘ఏమప్పా, కన్నతల్లికి కూడు పెట్టవా?’ అని అడగతా ఉండారు. నేను పెట్టలేదా? నా కాడికి రమ్మని ఎన్నిసార్లు పిలిచినాను?”

“పెట్టినావు నాయనా. కాదనలా.”

“మరి ఏల నిలుచుకున్నావు?”

ఆమె చేట కింద పెట్టింది. “ఎవరిదో ఒకరి మొగం పేపర్లో పడాల్సొచ్చింది రా. నాకు ఇంట్లో బియ్యముండాది, నీ మాదిరి బిడ్డ ఉండాడు. నా మొగం పోతే ఏమి పోయింది? నిజంగా లేనామెను నిలబెట్టుంటే, ఆమెకు ఆ మొగం ఒక్కటే గదా మిగిలుండేది.”

అతను కింద పడిన పేపరు తీసి మడిచాడు. మంచినీళ్ళు కూడా తాగకుండా వెళ్ళిపోయాడు. ఆమె మళ్ళీ చేట తీసుకుంది, కానీ వేళ్ళు ఆడలేదు. “వానికి కోపం రావడం న్యాయమే” అంది. అప్పుడే మొదటిసారి ఆమె కళ్ళు తుడుచుకోవడం చూశాను.

చాలా నెలలు అతను రాలేదు. ఆ మధ్యలో రంజితమత్త ఒంటరిగా చర్చికి పోయి వచ్చేది, ఎవరితోనూ కొడుకు మాట ఎత్తేది కాదు. మళ్ళీ ముసురు పట్టిన ఒక శనివారం మేమంతా గది ముందు వసారాలో నిలబడి ఉంటే, గొడుగు కింద తడిసిన ప్యాంటుతో అతను వచ్చాడు. చేతిలో సంచీ ఉంది. ఆడవాళ్ళ మధ్య నిలబడడానికి సిగ్గుపడుతూనే తన వంతు వచ్చేదాకా నిలబడ్డాడు. లోపలికి పోయి తలుపు వేసుకున్నాడు. బయటికి వచ్చాక తల్లి పక్కన నిలబడ్డాడు. ఆమె అతన్ని ఏమీ అడగలేదు. పేచ్చికి నోరు దురద పెట్టి ఉంటుంది, ఆమె కూడా అడగలేదు.

కొన్నేళ్ళకు ఆ ఆపీసు మూతపడింది. వరసలోవాళ్ళు తలా ఒక దిక్కు పోయారు. కొందరు తాయిల్‌పట్టి వైపు బాణసంచా పనికి, మేము విరుదునగర్‌కు. నాకు ఒక బడిలో మధ్యాహ్న భోజనం వండే పని దొరికింది. రంజితమత్త చివరికి కొడుకు దగ్గరికే చేరింది. మంచాన పడిందని తెలిసి ఆలంగుళం వెళ్ళాను. బాగా చిక్కిపోయింది. కోడలు పక్కనే కూర్చుని కాళ్ళు నొక్కుతోంది. నేను వంగి, మా వైపు అందరూ పలకరించినట్టే, “తిన్నావా అత్తా?” అన్నాను.

ఆమె నవ్వింది. “ఈ మాట నేను నిన్ను ఎప్పుడన్నా అడిగినానా?”

ఆలోచించాను. అన్నేళ్ళలో ఆమె నన్నే కాదు, ఎవరినీ అడగగా వినలేదు. మా వైపు ఎదురుపడితే ముందు వచ్చే మాటే అది.

“లేనోళ్ళను అడిగితే తిన్నాననే అంటారు పాపా,” అంది. “ఒక్కసారి ఆ మాట అనేసినాక, మనం పిలిచినా వాళ్ళు వొచ్చి కూర్చోలేరు. అడగబాకు. పెట్టు.”

ఆ తరువాత ఎక్కువ కాలం లేదు. సమాధి మీద మట్టి వేయడానికి కోవిల్‌పట్టి వాళ్ళు చాలామంది వచ్చారు. పేచ్చి అందరికంటే గట్టిగా ఏడ్చింది.

నేను ఇప్పటికీ బడి వంటింట్లోనే ఉన్నాను. సోమవారాలు కొందరు పిల్లలు గంట కొట్టకముందే వస్తారు. శని, ఆదివారాలు బడి ఉండదు, అన్నం ఉండదు. ఈ ఏడు మూడో తరగతిలో చేరిన ఒక ఆడపిల్ల అలాగే వచ్చి, పుస్తకాల సంచీ గుండెలకు హత్తుకుని వంటింటి గోడ పక్కన నిలబడుతుంది. లోపలికి చూడదు. ఇప్పుడు బడిలో పొద్దున టిఫిను కూడా వండుతాం. మొన్న సోమవారం, గంట కొట్టకముందే ఆ పొంగలి కొంచెం కంచంలో పెట్టి, “పాపా, నాకు జలుబు చేసి రుచి తెలియడం లేదు. దీంట్లో ఉప్పు సరిపోయిందో లేదో చూసి చెబుతావా?” అన్నాను.

ఆ పిల్ల సంచీ కింద పెట్టి, మఠం వేసుకుని, పెద్ద బాధ్యత నెత్తిన పడినట్టు మొహం పెట్టి తిన్నది. కంచం ఖాళీ అయ్యాక దాన్ని నా వైపు జరిపి, “ఇంకా సరిగ్గా తెలియలేదు అక్కా” అంది.

ఇంకొంచెం పెట్టాను.