గబ్బిలాలకు వాటా ఇప్పించిన దిదీ

మా సైన్సు దిదీ పోయారు. బరంపురం నుంచి ఆవిడ చెల్లెలు ఫోన్ చేసినప్పుడు నేను తొమ్మిదో తరగతికి లెక్కలు చెబుతున్నాను. "అక్క ఎల్లిపోయిందమ్మా. అన్నం తినీసి, కబుర్లు సెప్పి పడుకుంది. మరి నెగనేదు" అంది. పిల్లలకు ఆ మాట చెబితే వెనక బెంచీ నుంచి ఒకమ్మాయి, "గబ్బిలాల దిదీయేనా?" అని అడిగింది. ఆవిడ రిటైరయ్యేనాటికి ఈ పిల్లలు పలక కూడా పట్టలేదు. అయినా పేరు తెలుసు. ఆ మాటకు నాకు గర్వంగా అనిపించింది.

ఒడియా బళ్లలో ఆడ టీచర్లందరూ దిదీలే. ఛత్రపూర్ దాటి సముద్రం వైపు వస్తే తగిలే, తెలుగు మాట్లాడే మా చేపల ఊళ్లో మాత్రం దిదీ అంటే ఆవిడ ఒక్కరే. నేను ఆ ఊరి పిల్లని. పెళ్లయి బరంపురంలో కాపురం ఉంటూ, మా ఊరి హైస్కూల్లోనే పనిచేస్తున్నాను. ఇద్దరం రోజూ ఒకే బస్సులో వచ్చేవాళ్లం. కిటికీ పక్క సీటు ఒక్కనాడైనా నాకిచ్చిన పాపాన పోలేదు. "నీకెందుకే కిటికీ? ఫోన్ సూడ్డానికా?" అనేవారు. నిజమే, అప్పటికీ నా కళ్లు ఫోన్ మీదే ఉండేవి.

ఆవిడ బరంపురంలో పట్టు నేసే ఇంట్లో పుట్టారు. మా ఊరు వచ్చేదాకా చేపల్లో ఆవిడకు తెలిసిన రకాలు ముళ్లున్నవీ, లేనివీ. మా ఆడవాళ్లు వదిలిపెడతారా? "అదేటి దిదీ, అంత సదువూ సదివినావు, కొయ్యింగ ఏదో తెల్దా?" అని బుట్ట ముందు నిలబెట్టి ఏడిపించేవారు. ఆవిడ ఆ బుట్ట ముందే గొంతుక్కూర్చుని, అన్నీ అడిగి తెలుసుకుని, మర్నాడు ఆ చేపనే క్లాసులో పాఠం చేసేవారు. పిల్లల్ని తిట్టాల్సి వస్తే ఒడియా, మెచ్చుకోవాలంటే తెలుగు. దాంతో మా పిల్లలు తెలుగు మాట కోసం పడిచచ్చేవారు. ఆవిడ ఎప్పుడూ అనే మాట ఒకటుంది: "సూడకుండా సెప్పకు. సూసేక దాయకు." ఈ మాటే ఒకసారి గబ్బిలాల ప్రాణం మీదికి తెచ్చింది.

బడి వెనక ఏరు సముద్రంలో కలిసే మొగ ఉంది. దాని ఒడ్డున పాడుబడ్డ ఉప్పు కొటారు. ఎవరూ ఉప్పు నిలవచేయని ఆ గోదాములో తరతరాలుగా గబ్బిలాలే కాపురం. పొద్దుగూకే వేళ బయటికొచ్చి, మొగ నీటి మీద జానెడెత్తున ఎగురుతూ, ఉన్నట్టుండి కాళ్లు నీటికి తాకించి పైకి లేస్తాయి. అవి తియ్య నీళ్లు తాగడానికి దిగుతున్నాయని మా ఊరి నమ్మకం. ఉప్పునీటిలో తియ్యనీరు ఎక్కడ కలుస్తోందో గబ్బిలానికే తెలుసనీ, ఆ తీపికే చిన్న చేపలూ చేరతాయనీ మా వాళ్ల లెక్క. అందుకే సాయంత్రాలు గబ్బిలం దిగిన చోటే విసురు వల వేసేవారు. దిదీ మాత్రం, అవి నీటి మీది పురుగుల్ని పడుతున్నాయని పిల్లలకు చెప్పేవారు. తిరుగు బస్సు వదిలేసుకుని మరీ ఒడ్డున కూర్చుని చూసేవారు.

ఒకరోజు కొటారు నేలమీద పాత దుప్పటి పరిచి వచ్చారు. దాని మీద పడ్డ రెట్టలు తెచ్చి నీళ్లలో నానబెట్టి, భూతద్దం కింద పెట్టారు. కాసేపటికి నా క్లాసులోకి ఒక్క ఉరుకున వచ్చిపడ్డారు. "ఇన్నాళ్లూ తప్పు సెప్పేనే! పొలుసులే, పొలుసులు! అవి సేపలు పట్టేస్తన్నాయే!" తను పొరపాటుపడ్డందుకు అంత సంబరపడిన మనిషిని నేను మళ్లీ చూడలేదు. మర్నాడు స్టాఫ్ రూమ్‌కంతా ఛెనాపోడ మిఠాయి తెచ్చిపెట్టారు.

ఆ వారమంతా ఆవిడకు పూనకమే. ఆ గబ్బిలం ఒళ్లు చిన్నదైనా పాదాలు పెద్దవట. గోళ్లు కొడవళ్లలా వంగి ఉంటాయట. రెక్క పొర చీలమండ దగ్గరే ఆగిపోయి పాదాన్ని విడిగా వదిలేస్తుంది కాబట్టి నీళ్లలో ఈడ్చినా చిక్కుకోదు. మన చెవికందని కూత కూస్తూ పోతుంది. నీరు కదలకుండా ఉంటే ఆ కూత నీటి మీద జారి ముందుకు పోతుంది. చిన్న చేప పైకొచ్చి ఒక్క చిరు అల లేపిందా, అక్కడినుంచి కూత తిరిగొస్తుంది. నీటి లోపల ఏముందో దానికి తెలియదు, అలే దానికి ఆనవాలు. చేపను కాళ్లతో పట్టి, ఎగురుతూనే నోటికి అందించుకుంటుంది. ఇదంతా దిదీ బడిలోనే కాదు, బజార్లోనూ బస్సులోనూ చెప్పారు. కొంప మునిగింది అక్కడే.

ఆ ఏడు వేట సరిగ్గా లేదు. దిదీ మాట ఒడ్డు చేరేసరికి, నీళ్లు తాగే అమాయకపు గబ్బిలం కాస్తా చేపల దొంగ అయింది. మా ఊరి అలివి వల అంటే ఒడ్డునుంచి ఊరంతా కలిసి లాగే పెద్ద వల. దాని తాడు మీద ఎవరు చెయ్యి వేసినా, దారినపోయే వాడైనా సరే, చేపల్లో వాటా ఇవ్వాల్సిందే. చెయ్యి వేయనివాడు చేప ముడితే దొంగ. గబ్బిలాలు తాడు ముట్టలేదు కదా! ఎండుగడ్డి పోగేసి, కొటారుకు పొగపెట్టడానికి సిద్ధమయ్యారు. తల్లుల పొట్టలకు పిల్లలు అతుక్కుని ఉండే రోజులవి. ఏడాదికి ఒక్కొక్క తల్లికీ ఒక్కటే పిల్ల. పొగపెడితే ఆ కొటారు మరి నిండదని దిదీకి తెలుసు. "నా నోరే వాటిని సంపేస్తందే" అని బస్సులో నా చెయ్యి పట్టుకున్నారు.

బస్సు దిగి నేరుగా ఒడ్డుకే వచ్చారు. ఒడ్డున ఊరంతా కూర్చుని ఉంది. ఊరిపెద్ద మా పెదనాన్నే. "మీరే సెప్పినారు గదా దిదీ, సేపలు తింటన్నాయని" అన్నాడు.

"సెప్పేను. తింటన్నాయి" అన్నారు ఆవిడ. మాట మార్చేస్తారేమోనని నేను భయపడ్డాను. మార్చలేదు. "పెద్దయ్యా, దిబ్బ మీద నిలబడి తువ్వాలు ఊపుతాడే, ఆడు తాడు పడతాడా?"

"పట్టడు. సేపల గుంపు ఎటుందో సూపిస్తాడు."

"మరి వాటా ఇస్తన్నారా?"

"ఇయ్యకపోతే ఎలగ? ఆడి కన్ను నేకపోతే వల ఎక్కడ ఏస్తాం?"

"పొద్దుగూకితే విసురు వల ఎక్కడ ఏస్తన్నారు?"

ఆడవాళ్లలోంచి మా వదిన ఫక్కున నవ్వింది. "ఇంకెక్కడ? గబ్బిలం దిగిన కాడే!"

"మీ తాతలకీ సూపించేయి, మీకూ సూపిస్తన్నాయి. తువ్వాలు నేదంతే" అన్నారు దిదీ.

నవ్వులు ఒడ్డంతా పాకాయి. మా వాళ్లు ఎన్ని మాటలైనా పడతారు గానీ, వాటా ఎగ్గొట్టారన్న మాట పడరు. పెదనాన్న చేతికంటిన ఇసక దులుపుకుంటూ "ఠిక్ అఛి, సరే" అని లేచాడు. "ఇన్నాళ్లూ ఇయ్యనేదు, అది మన తప్పు. పొగా గిగా నేదు. కొటారు జోలికెల్లినోడికి వల మీద సెయ్యి నేదు." ఎండుగడ్డి అప్పటికప్పుడు ఆవులకు పోయింది. తిరుగు బస్సులో దిదీ ఈ కథంతా కండక్టర్‌కు చెప్పారు. అతను టికెట్లు కొట్టడం మరిచిపోయి విన్నాడు. ఆ రోజు ఆవిడ నాకు కిటికీ సీటు కూడా ఇవ్వబోయారు. నేనే వద్దన్నాను.

నేను చదివింది లెక్కలు. నిజం చెప్పి కూడా గెలవొచ్చని నాకు నేర్పింది ఆవిడే. నా పిల్లలకు నేను ఇవ్వగలిగిన ఆస్తి ఏదైనా ఉంటే అది ఇదే, దిదీ దగ్గర తెచ్చుకున్నది.

కర్మ అయ్యాక ఆవిడ చెల్లెలు మొగ చూస్తానంటే వెంట తీసుకొచ్చాను. కబురెలా తెలిసిందో, ఊరు మొత్తం ఒడ్డుకొచ్చింది. పెదనాన్నకు ఇప్పుడు చూపు తగ్గింది. మనవడి భుజం పట్టుకుని నిలబడ్డాడు. ఎరుపు ఇంకా ఆకాశంలో ఉండగానే కొటారు తలుపులోంచి గబ్బిలాలు రావడం మొదలైంది. దిదీ నాటికంటే ఎక్కువున్నాయి. ఒకటి మా ముందే నీటి మీద సన్నటి గీత గీసి, తళుక్కుమనే చేపతో లేచింది. "పట్టిందేటి?" అని అడిగాడు పెదనాన్న. పట్టిందన్నాం. నిండిన వల ఒడ్డెక్కినప్పుడు మా వాళ్లు వేసే కేక ఒకటుంది. ఆ ముసలి గొంతుతో ఆయన దాన్ని ఎత్తుకున్నాడు. ఒడ్డంతా అందుకుంది. ఆ కేక కింద గబ్బిలం, నీటి చుక్కలు రాలుస్తూ, చేపతో పైపైకి పోయింది.