పెద్దాయన ముందరే చూడండి

అప్పట్లో మా సర్కిల్ మొత్తానికి ఆడ కానిస్టేబుల్‌ని నేనొక్కదాన్నే. ఆడవాళ్లను ఆడవాళ్లే సోదా చేయాలని చట్టం. అందుకని ఎక్కడ ఏ ఆడమనిషి మీద గంజాయి అనుమానం వచ్చినా, ఆమెను ఒక మూల కూర్చోబెట్టి నాకు ఫోన్ చేసేవాళ్లు. నేను ఎర్రబస్సు పట్టుకుని పోయేదాన్ని. జీపులు మగమహారాజులకు కదా!

ఆ రోజు పిలుపు చిలమత్తూరు దగ్గరి చెక్‌పోస్టు నుంచి వచ్చింది. బెంగళూరు నుంచి అనంతపురం పోయే బస్సులో ఒకామె ఒళ్లో మూట పెట్టుకుని, తనిఖీకి ఎక్కినవాళ్లను దాని మీద చెయ్యి వేయనివ్వలేదట. ఆ దారిన గంజాయి వస్తోందని ముందే కబురుంది. దించేశారు. నేను చేరేసరికి ఎండ నడినెత్తికి వచ్చింది. టీకొట్టు పందిరి కింద ఆమె మూటను రెండు చేతులా పట్టుకుని కూర్చుని ఉంది. నాకంటే పదిహేనేళ్లు పెద్దదై ఉంటుంది. ఏడ్చి ఏడ్చి కళ్లు ఉబ్బిపోయాయి.

"యాడికి పోతాండావక్కా?" అని అడిగాను.

"మాయమ్మ సచ్చిపోయింది పాపా. గార్లదిన్నె పక్కన మా ఊరు. వానల్లేక బెంగళూరులో మట్టిపని చేసుకుంటాండా. తెల్లార్తో కబురొచ్చింది. పొద్దు మునిగేలోగా మన్ను చేస్తారు. ఈ మూటలో అమ్మకు కప్పే చీర ఉండాది. దాని మీద పరాయోళ్ల చెయ్యి పడగూడదు. ఎంత చెప్పినా నమ్మల్యా."

మా పల్లెల్లో కూతురు తెచ్చిన చీర తల్లికి కప్పడం ఆనవాయితీ. కోస్తా నుంచి వచ్చిన మా ఎస్సైకి ఆ సంగతి తెలియదు. తెలిసినా నమ్మేవాడు కాదు, ఇలాంటి కథలు రోజూ వినేవాడు. మనిషి మంచివాడే కానీ, చట్టం దగ్గర మాత్రం అంగుళం జరగడు. "ముందు ఆమె హక్కేమిటో చెప్పమ్మా. తర్వాతే సోదా," అన్నాడు. హక్కు లెక్కచేయని చోట్ల ఆడవాళ్ల గతి ఏమయ్యేదో నేనూ విని ఉన్నాను. ఆ మాటలంటే నాకు గౌరవమే.

"అక్కా, నిన్ను సోదా చేయల్ల. నేనే చేస్తా, మగోళ్లెవరూ రారు. నీకు కావల్లంటే మెజిస్ట్రేటు ముందరో, గెజిటెడ్ ఆఫీసరు ముందరో చేయమని అడగొచ్చు. అది నీ హక్కు. ఏమంటావు?"

"ఆఫీసరంటే ఎవురు?"

"ఎమ్మార్వో అట్లాంటి పెద్దాయన."

ఆమె కొంగుతో కళ్లు తుడుచుకుంది. మా వైపు నింద పడితే పెద్దమనుషుల ముందు, నలుగురిలో కడుక్కోవాలి. చాటున కడుక్కుంటే ఎవరూ ఒప్పుకోరు. పైగా ఆ బస్సులో ఆమె ఊరివాళ్లున్నారు. ఆమెను దించుతుంటే "నిప్పు లేందే పొగొస్తాదా?" అన్నారట.

"పెద్దాయన ముందరే చూడండి," అంది.

"అక్కా, ఆయప్ప వచ్చేసరికి శానా పొద్దుపోతాది. నేను చూసి పంపించేస్తే..." అని మొదలుపెట్టాను. ఎస్సై "అమ్మాయ్!" అని గట్టిగా అన్నాడు. ఆమె అడిగాక వద్దని నచ్చజెప్పడం అంటే హక్కు లాక్కోవడమే. ఆయన అడ్డుకోవడం న్యాయమే కాబట్టి అంతటితో ఆపేశాను.

ఎమ్మార్వో పశువుల మేత పంచడానికి పల్లెలకు పోయాడు. ఏ పల్లెలో ఉన్నాడో ఆఫీసులోనే తెలియదు. జీపు వెతకడానికి వెళ్లింది. అనంతపురం బస్సు వచ్చినప్పుడల్లా ఆమె లేచి నిలబడేది, అది వెళ్లిపోయాక మళ్లీ కూర్చునేది. "నేనొక్కదాన్నే కూతుర్ని. నా కోసరం ఆపుతార్లే పాపా," అనేది. నడివేసవిలో శవాన్ని ఎంతసేపని ఆపుతారు?

ఎమ్మార్వో వచ్చేసరికి ఎండ వాలిపోయింది. టీకొట్టు లోపలి గదిలో నేను సోదా చేశాను, ఆయన తలుపు బయట నిలబడ్డాడు. ఆమె ఒంటి మీద ఏమీ లేదు. తర్వాత బయటికొచ్చి, ఎమ్మార్వో ముందర మూట ఆమే విప్పింది. ఆకుపచ్చ చీర, పసుపు పొట్లం, ఊదుకడ్డీలు. చీర మడతలు తనే విప్పి దులిపి చూపించింది. నేను కళ్లతోనే చూశాను, చెయ్యి వేయలేదు. ఆమె కోసం నేను చేయగలిగింది అంతే.

"ఏమీ లేదు, పోమ్మా," అన్నాడు ఎమ్మార్వో.

"గట్టిగా చెప్పు సామీ, అందరూ వినల్ల," అంది.

ఆయన గట్టిగానే చెప్పాడు. వినాల్సినవాళ్లు ఎప్పుడో ఊరు చేరిపోయారు. అక్కడ మిగిలింది మేమూ, టీకొట్టతనూ. ఎస్సై తనే రోడ్డు మీదికి వెళ్లి, చెయ్యి అడ్డం పెట్టి ఒక కారు ఆపి ఆమెను ఎక్కించాడు.

కొన్నాళ్లకు అనంతపురం బస్టాండులో కనిపించింది. అమ్మను చూశావా అని అడగబోయి ఆగిపోయాను. ఆమే చెప్పింది.

"మన్ను కప్పేసినారు పాపా. చీర ఆ మన్ను మీదనే పరిచొచ్చినా."

తిడుతుందనుకున్నాను. తిట్టి ఉంటే ఇంత బాధ ఉండేది కాదు. "పెద్దాయన కావల్లని ఎందుకడిగినావక్కా? లేకుంటే అప్పుడే చూసి పంపించేసిండేదాన్ని గదా," అన్నాను.

"ఊర్లో మచ్చ పడగూడదనుకుంటి, నిజమే. అయినా పాపా, పుట్టి బుద్ధెరిగినప్పట్నుంచి నీకేం కావల్ల అని నన్ను ఎవురూ అడగల్యా. నువ్వు అడిగితివి. ఏమీ వద్దు అనేకి మనసు రాల్యా."