రాయి మీద వదిలిన చోటు

కరోనా సద్దుమణిగిన మరుసటి ఏడాది. అమలాపురంలో ఒక చిన్న ప్రచురణ సంస్థలో నవలలు ఎడిట్ చేస్తున్నాను. ఎడిటరంటే అచ్చుతప్పులు దిద్దే మనిషని అందరూ అనుకుంటారు. కథలో అబద్ధం ఎక్కడుందో పట్టుకోవడమే అసలు పని.

రాజోలు నుంచి సునీతగారని ఒక లెక్చరర్ నవల పట్టుకొచ్చారు. అక్కచెల్లెళ్ల తగువు. అక్క అచ్చం రాక్షసి. తిడుతుంది, కొడుతుంది, చివరికి తల్లి సమాధి రాయి మీద, వేయించినవారని తన పేరొక్కటే చెక్కించుకుంటుంది. చెల్లెలు మొదటి పేజీ నుంచీ ఏడుస్తూనే ఉంటుంది. చదువుతుంటే నాకు ఒళ్లు మండిపోయింది.

“ఇంత మంచి చెల్లెలు ఏ ఊళ్లో ఉందండీ?” అన్నాను.

“మా ఇంట్లో జరిగిందేనండీ. మంచాన పడ్డ అమ్మకి చాకిరీ చేసింది నేను. రాయి మీద పేరేమో మా గ్రేసక్కది. ఇది రాజోలంతా చదవాలండీ.”

అదీ సంగతి. నవల పేరుతో అక్కని వీధిలో నిలబెట్టాలి. అచ్చయ్యాక ఒకరి గడప ఒకరు తొక్కరు.

“అక్క నిజంగా కొట్టిందా?”

“లేదండీ. అది కథ కోసం.”

ఇక కోపం ఆగలేదు. “చెక్కించే ముందు మిమ్మల్ని అడగనేలేదా?” అని నిలదీశాను.



“అడిగిందండీ. నీ పేరు కూడా వేయిద్దామే అంది. అమ్మ ఉన్నప్పుడు చుట్టపుచూపుగా వచ్చిపోయిన మనిషి, ఇప్పుడు రాయి పట్టుకొచ్చిందని నాకు మంట. నీ ఇష్టం, నాకెందుకు అనేశాను. అయినా తన పేరు కింద నాకు చోటు వదిలించిందండీ. ఏటా ఈస్టర్‌కి సమాధికి సున్నం వేసేటప్పుడు చూస్తూనే ఉన్నాను.”

“అంత మాట ఇంట్లో దాచుకుని, నాకీ చెంపదెబ్బలెందుకు తెచ్చేరండీ!” అని అరిచేశాను. కాగితాలు ఆవిడ చేతిలో పెట్టేశాను. విసురుగా వెళ్లిపోయారు.

కొన్ని నెలలకి కొత్త డ్రాఫ్ట్, అంటే తిరగరాసిన ప్రతి, తెచ్చారు. చెంపదెబ్బలు లేవు. ఆ ఖాళీ చోటు ఉంది, చెల్లెలి పొగరూ ఉంది. అచ్చేశాం.

అప్పటినుంచి ఏ కథలోనైనా ఒకరు మరీ చెడ్డవాళ్లయితే, అంతకుముందు రెండోవాళ్లు ఏమన్నారని అడుగుతున్నాను. రచయితలకి కోపం వస్తుంది. రానివ్వండి.

పుస్తకం చదివి గ్రేసుగారు చెల్లెలికి ఫోన్ చేశారట.

“ఊరంతా చదివేలా రాయడానికి చెయ్యాడింది గానీ, రాయి మీద పేరు వేయించుకోడానికి ఆడలేదేంటే? ఈస్టర్ వస్తోంది. చెక్కేవాణ్ణి నువ్వు పిలుస్తావా, నన్ను పిలవమంటావా?”