రింగుకు వేళ్లుండవు

నేను పుట్టి పెరిగింది కువైట్‌లో. అమ్మానాన్నలది పుంగనూరు. రింగు, బంతి, రిబ్బన్లతో సంగీతానికి తగ్గట్టు చేసే జిమ్నాస్టిక్స్‌లో భారత్ జట్టుకు ఎంపికయ్యాక, పోటీకి ముందు సెలవుల్లో మదనపల్లెలో అవ్వ (నాన్నమ్మ) దగ్గర వారం రోజులు ఉన్నాను.

అవ్వ మిషన్ ఆసుపత్రిలో చాలా ఏళ్లు ఆయాగా చేసింది. వచ్చిన రోజే నా కాళ్ల మీద కమిలిన మచ్చలు చూసి, "ఎవురు కొట్నారు?" అంది. రింగు తగిలిందన్నాను. నమ్మలేదు. పెరట్లో రింగు ఎగరేసి, కాళ్లతో పట్టి చూపించాను. "సరే, ఇవి రింగు దెబ్బలే" అంది గానీ ఆ చూపు మారలేదు. కుప్పం నుంచి వచ్చిన మేనత్త, "ఏలమ్మా, పిల్లను అట్లా అనుమానంగా సూస్తాండావు?" అన్నా పట్టించుకోలేదు.

మరునాడు తలకు నూనె పెడుతూ నా చొక్కా చేయి పైకి జరిపింది. అక్కడ నాలుగు మచ్చలు వరసగా ఉన్నాయి.

"రింగుకు ఏళ్లుండవు పాపా" అంది నెమ్మదిగా.

తప్పు చేసినప్పుడు కోచ్ జబ్బ పట్టుకుని కుదిపేస్తుందని ఇంట్లో చెప్పలేదు. చెబితే జట్టులో చోటు పోతుందని భయం. అవ్వకు మాత్రం దాచలేకపోయాను. ఆమె వెంటనే అత్త చేత నాన్నకు ఫోన్ చేయించింది. నాన్న నన్ను ఆ కోచ్ దగ్గర మాన్పించాడు.

కొత్త కోచ్‌తో పోటీకి వెళ్లాను. పతకం రాలేదు. ఫోన్లో అవ్వ దాని సంగతి అడగలేదు.

"ఆ కొత్తామె చేతులు యాడ పెట్టుకుంటాది?" అంది.

"దూరంగా చేతులు కట్టుకుని నిలబడతాది అవ్వా."

"వీడియోలో సూపించు."