గావ్‌దోస్‌లో కుర్చీ దాకా వెళ్లని నడక

మా ఆయనకు గుండెలో స్టెంట్ వేసి అప్పటికి ఎనిమిది నెలలైంది. దుబాయ్‌లోని జెబెల్ అలీలో గోదాము సూపర్‌వైజర్‌గా మళ్లీ డ్యూటీకి వెళ్తున్నారు కానీ, రోజూ గంట నడవమన్న డాక్టరు మాట మాత్రం చెవికెక్కలేదు. కరామాలో మా బిల్డింగ్ చుట్టూ రెండుసార్లు తిరిగి వచ్చి కూర్చునేవారు. "ఉత్తగ గుండ్రంగ తిరుగుడు నాతోని కాదు. నడిస్తె ఏదన్న ఒక జాగకు పోవాలె" అన్నారు ఒకరోజు. నేను క్లినిక్‌లో నర్సుని, బలవంతపెడితే రోగులు మొండికేస్తారని తెలుసు. అందుకే ఒక జాగ వెతికాను. గ్రీస్‌లో క్రీట్‌కు దక్షిణాన, మధ్యధరా సముద్రంలో ఉన్న చిన్న ద్వీపం గావ్‌దోస్. దాని దక్షిణ కొసన త్రిపితి అనే చోట యూరప్ నేల ముగుస్తుంది. అక్కడ కొండ మీద ఒక పెద్ద కుర్చీ ఉంటుంది. దాని మీద కూర్చుంటే ఎదురుగా లిబియా వైపు సముద్రం తప్ప ఇంకేమీ ఉండదు.

షెన్‌గెన్ వీసాకు మూడు వారాలు పట్టింది. మే నెలలో దుబాయ్ నుంచి ఏథెన్స్‌కు ఐదు గంటలు, అక్కడి నుంచి హానియాకు గంట లోపే విమానం. మర్నాడు పొద్దున్నే బస్సులో కొండలు దాటి స్ఫకియా రేవుకు చేరాం. పడవ టికెట్ మనిషికి ఇరవై యూరోల పైచిలుకు, ప్రయాణం రెండున్నర గంటలు. ద్వీపంలో పట్టణమంటూ లేదు. ఎర్రమట్టి, జునిపర్ చెట్లు, మేకలు, ఇసుక తీరాలు, అక్కడక్కడా ఇళ్లు. సరాకినికో తీరంలో గది తీసుకున్నాం. భోజనశాల నడిపే కాటెరీనా అనే పెద్దావిడ మా కోసం నూనె తగ్గించి శనగలు వండింది. "గుండె జబ్బా? నా మొగుడికీ ఉంది. రోజూ కొండెక్కి మేకల్ని తిడతాడు" అంది వచ్చీరాని ఇంగ్లీషులో.

మరుసటి రోజు తొమ్మిదికి మనోలిస్ అనే డ్రైవరు మమ్మల్ని వ్యాన్‌లో వత్సియానా ఊరి దగ్గర దింపాడు. ఇద్దరికీ పది యూరోలు. అక్కడి నుంచి త్రిపితికి కాలిబాట, మామూలు వాళ్లకు గంట. మేము మెల్లగా నడిచాం. మొదట్లో ఆయన పది నిమిషాలకోసారి ఆగి, ఛాతీ మీద చెయ్యి పెట్టుకుని నా ముఖం చూసేవారు. గంట గడిచాక ఆ చెయ్యి కిందికి దిగింది. చివరి మలుపు తిరిగేసరికి కింద తీరం, రాతి కమానులున్న కొండ మీద కుర్చీ కనిపించాయి.

అప్పుడే ఫోన్ మోగింది. మనోలిస్. "గాలి పెరుగుతోంది. సాయంత్రం పడవ పన్నెండున్నరకే వెళ్లిపోతుందట. రేపు, ఎల్లుండి పడవ ఉండకపోవచ్చు. వచ్చేయండి, మీ సామాను తీసుకుని వ్యాన్‌తో వత్సియానా దగ్గర ఉంటాను, రేవుకు దింపుతాను."

ఎల్లుండే మా విమానం.

"ఇగో, కనవడుతుంది గద! పది నిమిషాలు" అన్నారాయన.

పోయి రావడానికి అరగంట. ఆ తర్వాత ఎండలో ఎక్కుడు దారిని ఈయన పరుగున ఎక్కాలి. నేను ఒప్పుకోలేదు. "ఖలాస్. ఎనుకకు తిరుగుదాం."

"ఇంత దూరం తోల్కొచ్చి, గీడికెల్లి ఎనుకకు పొమ్మంటవా? నీకేమన్న సమజైతుందా?" అని అరిచి, వెనక్కి తిరిగి, నన్ను వదిలేసి ఎక్కుడు దారిలో ముందు నడిచారు. మధ్యలో రెండుసార్లు ఊపిరి కోసం ఆగారు. నేను దగ్గరికి రాగానే మళ్లీ కదిలారు. పడవ అందింది. అందులో నా వైపు నుంచి ముఖం తిప్పుకుని కూర్చున్నారు. తర్వాత సముద్రం వైపు చూస్తూనే, "మల్ల రావాలె" అన్నారు.

ఆపరేషన్ తర్వాత ఆయన నా మీద కోప్పడటం అదే మొదటిసారి. అంతవరకూ ఏది పెడితే అది తిని, ఏది చెబితే దానికి తలూపేవారు. వచ్చే నెల గురించి కూడా మాట్లాడేవారు కాదు. కుర్చీ చూడలేదన్న బాధ నాకూ ఉంది. కానీ పడవలో ఆ ముఖం తిప్పుకున్న మనిషిని చూస్తూ నేను చాలా రోజుల తర్వాత నిశ్చింతగా నిద్రపోయాను.

వెళ్లేవాళ్లకు ఒక్కటే మాట: గావ్‌దోస్ పడవకూ తిరుగు విమానానికీ మధ్య కనీసం రెండు రోజులు ఖాళీగా ఉంచుకోండి. మేము ఈ అక్టోబరుకు నాలుగు ఉంచుకున్నాం. సెలవు కాగితం ఆయనే రాసి, వాళ్ల ముదీర్, అంటే మేనేజరు, చేత సంతకం పెట్టించుకొచ్చారు.